చేదు పుట్టగొడుగుల జావ

నాలుకకు చేదు తెలిసినప్పుడు విషం ఎందుకు తెలియదు?

ఆసుపత్రిలో అత్యవసర విభాగం బయట, గోడ వెంట వేసిన ఇనుప కుర్చీలో కూర్చుని నన్ను నేనే అడుగుతున్నాను. జవాబు దొరుకుతుందన్న ఆశ లేదు. మనసు పట్టుకోవడానికి ఒక ప్రశ్న ఉంటే చాలు.

నిన్నటి సంగతి నాలుగు మాటల్లో చెప్పవచ్చు. కాలేజీలో తత్వశాస్త్రం బోధించడం మానేశాక, వియత్నాంలోని మా హ్వే నగరం చూడవచ్చినవారిని ఇద్దరినో నలుగురినో వెంటబెట్టుకుని, సాయంత్రాలు సందుల్లో నడిపిస్తూ వీధి వంటలు తినిపించడం నా జీవనోపాధి అయింది. నిన్న వచ్చినవారు హాలండ్ దేశపు దంపతులు, హెంక్, మరైకె. మూడు చోట్ల తిన్నాక వారిని నా భార్య మేనత్త న్యాన్ కొట్టుకు తీసుకువెళ్ళాను. తొలివానలకు చామ్ చెట్ల కింద మొలిచే చామ్ పుట్టగొడుగులతో ఆమె కాచే జావ చేదుగా ఉంటుంది. ఆ చేదు కోసమే మా ఊరివాళ్ళు ఏడాదంతా ఎదురుచూస్తారు. హెంక్ ఒక చెంచా తిని గిన్నె పక్కన పెట్టాడు. మరైకె తనది ముగించి భర్తదీ ముగించింది. నేనూ ఒక గిన్నె తిన్నాను. తెల్లవారుజామున, మరైకెకు వాంతులని వారి హోటల్ నుంచి నాకు ఫోన్ వచ్చింది.

తలుపు తోసుకుని హెంక్ బయటికి వచ్చాడు. నిన్న వేసుకున్న చొక్కానే, గుండీలు ఒకటి తప్పించి ఒకటి పెట్టుకున్నాడు. నా పక్కన కూర్చోలేదు. ఎదురుగా నిలబడ్డాడు.

"ఆమెకు అది నచ్చలేదు, తెలుసా మీకు? మొదటి చెంచాకే ముఖం ముడుచుకుంది. మీరే కదా ఏదో అన్నారు."

అన్నాను. చేదును పక్కకు నెట్టి తీపిని మాత్రమే కోరేవాడు సగం నాలుకతో బతుకుతాడని. ఆ సందులో, ఆ చిన్న బల్ల ముందు, ప్రతి బృందానికీ ఆ మాట చెబుతాను. మరైకె నవ్వి, "అయితే నా నాలుక మొత్తం వాడేస్తాను" అంది.

"మీరూ తిన్నారుగా?" అన్నాడు హెంక్.

"తిన్నాను."

"మరి మీకేం కాలేదే?"

ఆ ప్రశ్నలో నింద ఉంది. నాకు మాత్రం అందులో నింద కంటే పెద్దది ఇంకొకటి వినిపించింది. తెల్లవారుజాము నుంచీ నేను నా కడుపు చెప్పే మాటలు వింటూనే ఉన్నాను. అది ఏమీ చెప్పడం లేదు.

అంతలో డాక్టర్ ద్వాన్ వచ్చింది. సన్నటి మనిషి, కళ్ళ కింద నిద్రలేని నలుపు. ఈ ఊరిలో సగం మంది పిలిచినట్టే ఆమె కూడా నన్ను మాస్టారూ అనే పిలిచింది.

"నిన్న సాయంత్రం ఏమేం తిన్నారో వరసగా చెప్పండి మాస్టారూ. రుచి చూసినవి కూడా వదలొద్దు."

చెప్పాను. ఆవిరి మీద ఉడికించిన బియ్యప్పిండి బిళ్ళలు. ఏటి ఆల్చిప్పలు కలిపిన చద్దన్నం. నిప్పుల మీద కాల్చిన మాంసం. పుట్టగొడుగుల జావ. చివర తామరగింజల పాయసం.

"ఆల్చిప్పలు ఈయనా తిన్నారా?" హెంక్‌ను చూపించి అడిగింది.

"తిన్నారు. అన్నీ తిన్నారు. జావ మాత్రం ఒక్క చెంచా."

ఆమె చేతిలోని కాగితం మీద ఏదో రాసుకుంది.

"పుట్టగొడుగులు ఎక్కడివి?"

"మా అత్తే స్వయంగా ఏరుతుంది. కొండవాలు చామ్ తోపుల్లో. ఎన్నో ఏళ్ళుగా."

"చామ్ పుట్టగొడుగులు నేనూ తింటాను, మా అమ్మా తింటుంది. వాటితో భయం లేదు. వాటితోపాటు బుట్టలోకి ఇంకేం వచ్చిందన్నదే నా భయం." గొంతు తగ్గించింది. "తిన్న కాసేపటికే వాంతులైతే నేనింత కంగారుపడను. రాత్రంతా ఊరుకుని తెల్లారగట్ల మొదలైంది చూశారూ, అది మంచిది కాదు. అది కాలేయం మీదికి పోతుంది."

"అంటే జావేనా?"

"అనను. కావచ్చంటాను. రక్తపరీక్ష రావాలి. పచ్చి పుట్టగొడుగు ఒకటి దొరికితే ఇంకా మేలు. మీరెంత తిన్నారు?"

"ఒక గిన్నె."

"ఏమైనా అనిపిస్తోందా?"

"ఏమీ లేదు."

"ఏమీ లేకపోవడాన్ని నమ్మకండి. మీరిక్కడే ఉండండి, మంచం చూపిస్తాను. పుట్టగొడుగు కోసం ఎవర్నైనా పంపండి." లోపలికి వెళ్ళబోతూ ఆగింది. "ఆ బుట్టలోవి ఇంకెవరైనా తిన్నారా? పోనీ, ఎవరైనా తినబోతున్నారా?"

తినబోతున్నారా.

ఆ మాటతో లేచి నిలబడ్డాను. ఈరోజు న్యాన్ అత్త తండ్రి చనిపోయిన తిథి. వంశమంతా కిమ్ లాంగ్‌లోని పెద్దల ఇంట్లో చేరి ఉంటుంది. నా భార్య మియెన్ నిన్నటి నుంచీ అక్కడే వంటలో ఉంది. పోయినవారికి ఏది ఇష్టమో అదే పూర్వీకుల వేదిక మీద నైవేద్యంగా పెట్టాలి. ఆ ముసలాయనకు బతికినన్నాళ్ళూ చామ్ పుట్టగొడుగుల జావే ఇష్టం.

మియెన్‌కు ఫోన్ చేశాను. మోగింది. మళ్ళీ చేశాను. తద్దినపు వంటింట్లో ఫోను ఎవరి చేతిలో ఉంటుంది?

"మాస్టారూ, వెళ్ళొద్దు" అని డాక్టర్ వెనక నుంచి అనడం వినిపించింది.

*

నది పక్క రోడ్డు మీద బండి నడుపుతున్నంతసేపూ నేను రెండుగా ఉన్నాను. ఒకడు రోడ్డు చూస్తున్నాడు. ఇంకొకడు లోపల దీపం పట్టుకుని పేగుల్లో తిరుగుతున్నాడు. ఇది నొప్పా? కాదు, బండి కుదుపు. ఇది వికారమా? కాదు, పొద్దుటి నుంచీ ఏమీ తినలేదు. మరణం గురించి పాతికేళ్ళు పాఠం చెప్పాను. అది ఒక భావన అని, దాని ముందు మనిషి నిటారుగా నిలబడవచ్చని చెప్పాను. భావనలకు పేగులు ఉండవని ఒక్క విద్యార్థి కూడా గుర్తు చేయలేదు.

నాకున్న ఆశ ఒక్కటే. వేదిక ముందు వెలిగించిన ధూపకడ్డీలు పూర్తిగా కాలేదాకా పెద్దలు భోజనం చేస్తున్నట్టు లెక్క. అంతవరకు బతికున్నవారెవరూ చెంచా ముట్టరు.

పెద్దల ఇంటి ముందు బండ్లు వరసగా నిలబడి ఉన్నాయి. లోపల అరుగు మీద చాపలు పరిచి, పళ్ళేలు సర్ది ఉంచారు. వేదిక మీద ముసలాయన ఫోటో, ముందు ఉడికించిన కోడి, బంకబియ్యం అన్నం, పళ్ళు. వాటి మధ్య మూత తీసిన జావ గిన్నె. ఇంకా ఆవిరి వస్తోంది. మూడు ధూపకడ్డీలూ దాదాపు మొదళ్ళ దాకా కాలాయి.

వంటింటి గుమ్మంలో మియెన్ కనిపించింది.

"ఇప్పుడా రావడం? ఇందాకట్నుంచి పెదనాన్న నీ గురించే దులిపేస్తున్నాడు. ఏంటా ముఖం?"

"జావ ఎవరైనా తిన్నారా?"

"పెద్దలకు పెట్టకుండానే? మతిపోయిందా?"

"ఉప్పు సరిపోయిందో లేదో అనైనా, ఎవరైనా?"

"తద్దినం వంటకి రుచి చూస్తారా ఎక్కడైనా!"

గుండె ఒక్క క్షణం తన చోటికి వచ్చింది. ఆ క్షణంలోనే వేదిక దగ్గరి నుంచి లొక్ మామయ్య గొంతు వినిపించింది. మియెన్ పెదనాన్న, ఈ వంశానికి పెద్ద, న్యాన్ అత్తకు అన్న. నల్ల నిలువంగీ, తలపాగా. ఈ ఇంట్లో ఆయన దగ్గినా అర్థం వెతుకుతారు.

"వేంచేశారా అల్లుడుగారూ! దొరల భోజనాలు అయ్యాక మా పెద్దల భోజనానికి తీరిక దొరికిందన్నమాట."

అరుగు మీద నవ్వులు. నేను చేతులు జోడించాను.

"మామయ్యా, ఆ జావ ఎవరూ తినకూడదు."

నవ్వులు ఆగిపోయాయి.

"ఏమన్నావు?"

"నిన్న న్యాన్ అత్త దగ్గర జావ తిన్నావిడ ఇప్పుడు ఆసుపత్రిలో ఉంది. తెల్లవారుజాము నుంచి వాంతులు. పుట్టగొడుగుల వల్ల కావచ్చని డాక్టర్ అంటోంది."

"వల్లే అందా? వల్ల కావచ్చు అందా?"

అబద్ధం చెప్పి ఉండవలసింది. ఆ సమయంలో అబద్ధం ఎంత చవక! కానీ నోరు అలవాటు కొద్దీ నిజమే చెప్పింది.

"కావచ్చు అంది."

"కావచ్చు!" లొక్ మామయ్య అందరివైపు తిరిగాడు. "విన్నారా? మా నాన్న విస్తరి ముందు నిలబడి అల్లుడుగారు 'కావచ్చు' అంటున్నారు. ఆ దొరసాని ఐసు నీళ్ళు తాగి ఉండొచ్చు. ఎండకు సొమ్మసిల్లి ఉండొచ్చు. వాళ్ళవి గాజు కడుపులు, మిరపకాయ చూస్తేనే పగులుతాయి. దానికి నా చెల్లెలి చెయ్యి చెడ్డదైందా?"

న్యాన్ అత్త వంటింట్లోంచి వచ్చింది. చీపురుపుల్ల లాంటి మనిషి. ఈరోజు ఊదారంగు నిలువంగీలో ఇంకా సన్నగా కనిపించింది. గుమ్మం పక్క గోడను చేత్తో తాకుతూ వచ్చి నిలబడింది.

"నా జావ తినా, లామ్? నా జావ తినే?"

ఆ గొంతులో కోపం ఉంటే బాగుండేది.

"తెలియదు అత్తా. తెలిసేదాకా ఆగుదామంటున్నాను."

"వెల్లుల్లి వేసి చూశాను నాయనా. రెబ్బ వేసి ఉడికిస్తే, విషముంటే నల్లబడుతుంది. మా అమ్మ అలాగే చూసేది, వాళ్ళమ్మ అలాగే. ఈ ఊళ్ళో నా జావ తిని పెరగని ఇల్లుందా?"

"సరే, ఇంక చాలు" అన్నాడు లొక్ మామయ్య. ధూపపాత్ర వైపు చూశాడు. చివరి కడ్డీ మొదట్లో ఎర్రటి చుక్క ఆరి బూడిద రాలింది. "పెద్దల భోజనం అయింది. ప్రసాదం ముందు నేనే తీసుకుంటాను. నా చెల్లెలి చేతి మీద నాకున్న నమ్మకం అందరూ కళ్ళారా చూడండి."

ఆయన చేయి గిన్నె వైపు సాగింది.

అప్పటికి నా దగ్గరున్నది ఒక్క 'కావచ్చు'. నిశ్చయం కలిగాక చేసే పనికి ధైర్యం అవసరం లేదు. అది లెక్క చూసి జవాబు రాయడం లాంటిది. గిన్నెను లాక్కుంటే పాతిక చేతులు నన్ను పట్టుకుంటాయి, పట్టుకుని, నన్ను ఓడించడానికే అందరూ తలా ఒక చెంచా తింటారు. బలంతో నెగ్గలేను. వాదంతో అప్పటికే ఓడిపోయాను.

వేదిక కింది అరలో ధూపపు కట్టలు ఉన్నాయి. వాటి పక్కన ఒక చుట్ట ధూపం, పడుకున్న పాములా. చేతికి అదే అందింది. దీపం మీద వెలిగించి, వేదిక పైనున్న కొక్కేనికి తగిలించి, నేల మీద మోకరిల్లి మూడుసార్లు వంగాను. ఆలస్యంగా వచ్చిన అల్లుడు తన వంతు ధూపం వేస్తే కాదనే హక్కు వంశపెద్దకు కూడా లేదు.

తలెత్తి చూసేసరికి లొక్ మామయ్య చేయి గాలిలోనే ఉంది.

"అమ్మో, చుట్ట ధూపం!" అన్నాడు మియెన్ తమ్ముడి వరస అయ్యే కాంగ్. "బావా, అది పొద్దుగూకినా ఆరదు. మా తాత బతికుండగా ఇంత తీరిగ్గా ఎన్నడూ తినలేదు."

ఎవరో కిసుక్కున నవ్వి వెంటనే నోరు మూసుకున్నారు. లొక్ మామయ్య చేయి నెమ్మదిగా కిందికి దించాడు. ముఖం కందిపోయింది.

"ఇంతమందినీ ఆకలితో చంపుదామనా?"

"ఆకలితో ఇవాళ ఎవరూ చావరు మామయ్యా."

ఇక ఎవరూ నవ్వలేదు. నా గొంతు నాకే కొత్తగా వినిపించింది. అరుగు మీద ఒక తల్లి తన పిల్లను దగ్గరికి లాక్కుంది.

"లామ్, ఇలా రా" అంది న్యాన్ అత్త.

*

ఇంటి వెనక, నీళ్ళ కాగుల దగ్గరికి తీసుకువెళ్ళింది. నా చేయి పట్టుకోబోయి ముందు గాలిని పట్టుకుంది. తర్వాత మోచేయి దొరికింది.

"అత్తా, వెల్లుల్లి తెల్లగానే ఉందని ఎవరు చూశారు?"

ఆమె కాగు అంచును బొటనవేలితో రుద్దుతూ నిలబడింది.

"అత్తా."

"అరవకు. కుడికన్ను పోయిన వానాకాలంలోనే పొగ కమ్మింది. ఎడమది కొత్త సంవత్సరం పండగ దాటాక. ఇప్పుడు నీ ముఖం ఒట్టి గుండ్రటి మసక. గొంతు బట్టి నువ్వని తెలుస్తోంది."

"ఎవరికీ చెప్పలేదా?"

"చెబితే పొయ్యి దగ్గరికి రానిస్తారా? మూల కూర్చోబెట్టి పళ్ళు ఒలిచి పెడతారు. అన్నయ్యని నీకు తెలియదు, ప్రేమతోనే చంపేస్తాడు."

"మరి ఎలా ఏరారు?"

"వేళ్ళతో. విచ్చినదాన్ని తాకితే తెలుస్తుంది. మనదానికి గొడుగు కింద మెత్తటి జల్లెడలా ఉంటుంది. కానీ జనం మొగ్గలడుగుతారు, మొగ్గలే రుచి. మొగ్గకు ఏం తెలుస్తుంది? అన్నీ గుండ్రమే, అన్నీ నునుపే." కాస్త ఆగింది. "ఒకటి కొరికి చూశాను లామ్. చేదు. చేదుగా ఉంటే మనదే కదా? మిగతావన్నీ దాని చుట్టాలే అనుకున్నాను."

ఈ ఊరు తప్ప ఇంకెక్కడైనా చేదు తగిలితే మనిషి ఉమ్మేస్తాడు. మేము మాత్రం అది చూసి ధైర్యపడతాం. ఒక్క చేదు మొగ్గతో ఉడికితే చాలు, పక్కనున్నవన్నీ చేదెక్కి, దాని మాటే చెబుతాయి.

"ఎవర్నైనా ఒక్కసారి చూసిపెట్టమని అడగలేకపోయారా?"

"అడిగితే తెలిసిపోదూ?"

వంటింటి వైపు చూశాను.

"బుట్టలో ఏమైనా మిగిలాయా?"

వంటింటి వెనక గుమ్మంలో, తడిగుడ్డ కింద బుట్ట ఉంది. గుడ్డ తీశాను. ఊదా గోధుమరంగు మొగ్గలు, మట్టి అంటుకుని, నాకు చిన్నప్పటి నుంచి తెలిసిన వాసనతో. వాటిని పుల్లతో ఒక్కొక్కటిగా పక్కకు జరిపాను. అడుగున రెండు మొగ్గలు వేరుగా ఉన్నాయి. పాలిపోయిన తెలుపు, పైన లేత ఆకుపచ్చ నీడ. ఒకదాని మొదట్లో చిరిగిన చిన్న సంచిలాంటి పొర.

అందంగా ఉన్నాయి. నన్ను అన్నింటికన్నా ఎక్కువగా భయపెట్టింది అదే.

"ఏముంది?" అంది అత్త నా వెనక నుంచి.

నేను ఆ రెండింటినీ పుల్లతో వేరు చేశాను.

"లామ్, ఏముంది అక్కడ?"

జవాబు చెప్పలేదు. ఆమెకు చూపు లేదు గాని చెవులు ఉన్నాయి. నా మౌనం ఎంత పొడవుందో కొలుచుకుంది. తర్వాత గోడకు ఆనుకుని, నెమ్మదిగా కూర్చుంది.

"రాత్రి నేను రెండు గిన్నెలు తాగాను" అంది. అది తన గురించి చెప్పుకున్నట్టు లేదు. ఎవరో పొరుగింటివారి గురించి చెప్పినట్టుంది. "నువ్వూ తాగావు కదూ? బాగుందన్నావు."

"అన్నాను."

"బాగుందా నిజంగా?"

"బాగుంది అత్తా."

ఆమె చేయి చాపింది. లేపాను. నా చేయి వదిలి, గోడలను లెక్కపెట్టుకుంటున్నట్టు తాకుతూ లోపలికి నడిచింది. అరుగు మీద అందరూ లేచారు. లొక్ మామయ్య ఏదో అనబోయాడు. ఆమె ఆగలేదు. వేదిక ముందు నిలబడి, తడబడకుండా రెండు చేతులతో జావ గిన్నె ఎత్తింది. ఆ వేదిక మీద ఏది ఎక్కడ ఉంటుందో తెలియడానికి ఆమెకు కళ్ళతో పని లేదు.

"నాన్నా, ఇవాళ నీ జావ అడుగంటింది. పనికిరాదు. వచ్చే ఏడు మంచిగా కాచి పెడతాను" అంది ఫోటోతో. తర్వాత అన్నవైపు తిరిగి, "అన్నయ్యా, గొయ్యి తీయించి ఇది పూడ్పించు. వంటింట్లో పెద్ద గిన్నెది కూడా. కుక్కలకు పొయ్యొద్దు."

అడుగంటిన వాసన అక్కడ ఎవరికీ రాలేదు. లొక్ మామయ్య చెల్లెలి ముఖంలోకి చాలాసేపు చూశాడు. ఆమె చూపు ఆయన భుజం పక్కన ఎక్కడో నిలిచి ఉంది. ఆయన తలపాగా తీసి చేతిలో పట్టుకున్నాడు.

"కాంగ్, పార తీసుకురా" అన్నాడు.

కాంగ్ ఈసారి హాస్యమాడలేదు.

తెల్ల మొగ్గలను అరిటాకులో చుట్టి మియెన్ చేతిలో పెట్టాను.

"కాంగ్ కారులో అత్తను ఆసుపత్రికి తీసుకెళ్ళు. ఇది డాక్టర్ ద్వాన్‌కు ఇవ్వు. చేత్తో ముట్టకు."

"నువ్వు?" ఆమె నా ముఖం చూసింది. ఆమెకు నేను చెప్పవలసిన అవసరం రాలేదు. "లామ్! నువ్వెంత తిన్నావు?"

"ఒక గిన్నె."

"నడు. ముందు నువ్వు నడు. కారెక్కు." నా చొక్కా గుప్పిట్లో పట్టుకుంది.

"క్విన్‌కు ఫోన్ చెయ్యండి ఎవరైనా" అంది అప్పుడు న్యాన్ అత్త.

అందరం ఆమెవైపు తిరిగాం. క్విన్ నా దగ్గర పనిచేసే అమ్మాయి. మధ్యాహ్నపు బృందాలను తనే పడవలో నది మీదికి తీసుకువెళ్ళి భోజనం పెడుతుంది.

"ఎందుకత్తా?"

"పొద్దున్నే వచ్చిందిరా. ఇవాళ నా కొట్టు మూత కదా, మీ బృందానికి తినే భాగ్యం లేకపోయిందే అని నేనే..." ఆమె చేత్తో వేదిక అంచు పట్టుకుంది. "నిన్న ఆ దొరసాని రెండు గిన్నెలు తాగిందని నువ్వు చెప్పావుగా. సంతోషమేసి, మూత గిన్నెలో పోసి ఇచ్చాను. ఆరుగురొస్తున్నారంది."

క్విన్ నంబరు నొక్కాను. మోగింది. మోగి మోగి ఆగింది. అతిథుల ముందు ఫోను తీయకూడదని, సంచిలో మూగగా పడి ఉండాలని నియమం పెట్టింది నేనే. ఆ నియమాన్ని ఆ అమ్మాయి ఒక్కసారి కూడా తప్పలేదు. పడవ రేవు దాటితే నది మధ్యలో, నీడ పట్టున, గిన్నెలు బయటికి తీస్తారు.

"చేస్తూనే ఉండండి. ఎవరో ఒకరు చేస్తూనే ఉండండి" అన్నాను. మియెన్ గుప్పిట్లోంచి చొక్కా విడిపించుకున్నాను. "ముందు అత్తను చేర్చు. నేను వెనకే వస్తాను."

"నిజంగా వెనకే?"

"వెనకే."

మొదటిసారి ఆమెకు చవకైన అబద్ధం చెప్పాను.

*

నది ఒడ్డు రోడ్డు మీద ఎండ చదునుగా పడి ఉంది. వంతెన మొదలు కనిపించేసరికి జేబులో ఫోను మోగింది. క్విన్ అనుకుని, బండి పక్కకు ఆపి తీశాను.

"మాస్టారూ, ఎక్కడున్నారు?" డాక్టర్ ద్వాన్ గొంతు. ఇప్పుడందులో 'కావచ్చు' లేదు. "ఆవిడ రక్తపరీక్ష వచ్చింది. కాలేయం దెబ్బతినడం మొదలైంది. మీరు వెంటనే రావాలి. ఒంట్లో బాగుందని ఆలస్యం చెయ్యకండి. బాగున్నప్పుడే మందు ఎక్కించాలి, తర్వాత ఎక్కించినా లాభముండదు. వింటున్నారా?"

"వింటున్నాను. మా అత్త, మా ఆవిడ బయల్దేరారు. పుట్టగొడుగు తెస్తున్నారు."

"నేను మీ గురించి అడుగుతున్నాను."

వంతెన ఎక్కితే అవతల ఆసుపత్రి. ఎక్కకుండా ఒడ్డు వెంట తిన్నగా పోతే పడవల రేవు. నేను ఆగిన చోటి నుంచి చూస్తుంటే రేవులో రంగురంగుల పడవలు ఆటబొమ్మల్లా ఉన్నాయి. ఒకదాని వెనక నీలి పొగ లేస్తోంది. ఇంజను వేడెక్కిస్తున్నారు. అది ఎవరి పడవో ఇంత దూరం నుంచి చెప్పలేను.

నేను చావుకు సిద్ధంగా లేను. అది ఆ ఎండలో నాకు చాలా స్పష్టంగా తెలిసింది. సిద్ధంగా ఉన్నవాడికి ఈ ఎంపిక సులువు. నాకు వంతెన కావాలి, మంచం కావాలి, చేతిలో సూది దిగాలి, మియెన్ పక్కన కూర్చుని నన్ను తిట్టాలి. భయం నన్ను మెడ పట్టుకుని వంతెన వైపే తిప్పుతోంది. దాన్ని కాదనే తత్వం ఏదీ నా దగ్గర లేదు. నీలి పొగ మాత్రం ఉంది. ఆ పొగ కింద ఆరుగురు, వారి ఒడిలో ఆరు గిన్నెలు. వాళ్ళ పక్కన ఎవరో ఒకరు నా వాక్యాన్నే నేర్చుకుని నవ్వుతూ చెబుతున్నారు, సగం నాలుకతో బతకవద్దని.

"మాస్టారూ?"

"వస్తాను డాక్టర్. ముందు ఆరుగురిని ఆపాలి."

ఫోను జేబులో వేసుకోకుండానే బండి గేరులో పెట్టాను. వంతెన దగ్గర సిగ్నల్ దీపం పచ్చబడింది. వంతెనను కుడిపక్కనే వదిలేసి, రేవు వైపు తిన్నగా పోనిచ్చాను.